నాచు సీసాలోకెక్కిన కాలం

అబ్బాయ్, నువ్వు ముఖానికి పూసుకునే ఆ క్రీము డబ్బా ఒకసారి వెనక్కి తిప్పి చదువు. సన్నటి అక్షరాల్లో ఎక్కడో ఒకచోట సముద్రపు నాచు పేరు ఉంటుంది. నువ్వు తినే ఐస్‌క్రీములో దాని సారం ఉంటుంది. పంటి డాక్టరు అచ్చు తీయడానికి నోట్లో కుక్కే ముద్దలో ఉంది. స్కాట్లాండ్ పడమట హారిస్ దీవిలో 2015లో పెట్టిన డిస్టిలరీ వాళ్ళు, మనిషిని నీళ్ళలోకి దింపి చేత్తో కోయించిన షుగర్ కెల్ప్ అనే నాచును జిన్‌లో వేసి, అందమైన సీసాల్లో పోసి అమ్ముతున్నారు. ఇన్ని చోట్లకు చేరింది గానీ ఉండాల్సిన చోట మాత్రం, అంటే పొలంలో, ఏడాదికేడాదికీ పలచబడిపోతోంది. నా గోలంతా దాని గురించే. తీరిక లేదంటావు, మీకు ఏనాడు తీరిక ఉంది గనక! అయినా కూర్చో.

నేను కోనసీమలో పుట్టి, కాకినాడలో డాక్టరీ చదివి, డెబ్బైల్లో స్కాట్లాండ్ పడమటి దీవుల్లో ఒకటైన సౌత్ యూయిస్ట్‌కి వచ్చిపడ్డాను. ఇళ్ళల్లో గేలిక్ మాట్లాడుకునేవాళ్ళు, నాతో ఇంగ్లీషు. బీపీ చూస్తుంటే పక్కనున్న భార్యతో గేలిక్‌లో ఏదో సణిగేవాళ్ళు, ఆ సణుగుడును బట్టే నాకు జబ్బు సగం తెలిసిపోయేది. ఓ జనవరిలో పెద్ద గాలివాన వెలిసిన మర్నాడు క్లినిక్ తెరిస్తే ఒక్కరూ రాలేదు. ఏమైందోనని బయటికొచ్చి చూద్దును కదా, ఊళ్ళో ఉన్న ట్రాక్టర్లన్నీ పడమటి ఒడ్డుకు పోతున్నాయి. నేనూ వెనకే వెళ్ళాను. ఒడ్డు పొడవునా మోకాలెత్తున, కొన్నిచోట్ల నడుమెత్తున, తడితడిగా మెరుస్తూ గోధుమరంగు నాచు కుప్పలు. గాలివాన సముద్రం అడుగు రాళ్ళ మీంచి పెరికి తెచ్చి పోసింది. నడుము నొప్పి అని నా దగ్గర వారం వారం మూలిగే పెద్దమనిషి నాలుగు కొంకుల పార పట్టుకుని బండి నింపుతున్నాడు. నన్ను చూసి సిగ్గుపడలేదు సరికదా, నాకూ ఒక పార అందించాడు.

మా రోజుల్లో పని అలా పిలిచేది. ఎవరూ మెసేజి పెట్టలేదు, గ్రూపు కట్టలేదు. గాలి ఏ వైపు నుంచి కొట్టిందో, అమావాస్యకు ఎన్నాళ్ళుందో, ఆటు ఎప్పుడు తగులుతుందో ఇంటింటికీ తెలుసు. అమావాస్యకీ పున్నమికీ నీళ్ళు బాగా వెనక్కి తగ్గి రాళ్ళ మీది నాచు బయటపడుతుంది, కోసుకోవాలంటే అప్పుడే. మన ఉప్పాడ జాలరికి ఈ లెక్క చెప్పక్కర్లేదు. నీకు మాత్రం ఫోను చూస్తే గానీ ఇవాళ ఏ తిథో తెలియదు.

ఆ నాచును ఏం చేసేవాళ్ళంటే, పడమటి ఒడ్డు వెంబడి మఖర్ అని గుల్లల ఇసుకతో ఏర్పడిన మైదానం ఉంటుంది, దాని మీద పరిచేవాళ్ళు. ఉత్త గుల్లపొడి అది, సున్నం బోలెడు, పొటాష్ చాలా తక్కువ. నాచులో పొటాష్ పుష్కలం. పైగా గాలికి ఇసుక లేచిపోకుండా తడిగా పట్టి ఉంచుతుంది. చలికాలంలో పరిచింది మెల్లగా కుళ్ళి, వసంతంలో దున్నేసరికి నేలలో కలిసిపోతుంది. ఆ నేలలో సన్న ఓట్లు, రై, బేర్ అనే పాతకాలపు బార్లీ, బంగాళాదుంప పండించేవాళ్ళు. మా కోనసీమలో జీలుగ చల్లి, మొలకెత్తి నడుము దాకా పెరిగాక నేలలోకి దున్నేసేవాళ్ళు చూశావూ, అచ్చం అదే పద్ధతి. అందుకే నాకు ఎవరూ విడమరిచి చెప్పాల్సిన పని లేకపోయింది. జూన్‌కల్లా ఆ మైదానమంతా పూలు. రాత్రంతా కార్న్‌క్రేక్ అనే పక్షి గరగరమని అరిచి నిద్రపట్టనిచ్చేది కాదు. అప్పుడు విసుక్కునేవాణ్ణి. ఇప్పుడు ఆ అరుపు వినాలంటే వెతుక్కుంటూ పోవాలి.

తూర్పు వైపు నేల వేరు, నల్లటి పీట్ బురద, పుల్లటి నేల, నీరు దిగదు. అక్కడ గట్లు గట్లుగా మన్ను ఎత్తి, కింద నాచు పరిచి, దుంపలు పెట్టేవాళ్ళు. ఇంగ్లీషువాళ్ళు ఆ గట్లకు సోమరి మడులని పేరు పెట్టారు. ఆడవాళ్ళు వీపున బుట్ట కట్టుకుని, నీళ్ళోడే నాచును కొండ మీదికి మోసి తెచ్చి వేసిన మడికి సోమరి పేరు పెట్టిన వాళ్ళని ఏమనాలి? ఐర్లండ్ ఆరన్ దీవుల్లోనైతే ఇంకా గట్టి సంగతి. అక్కడ అడుగున మన్నే లేదు, ఉత్త సున్నపురాయి బండ. దాని మీద ఇసుక, నాచు పొరలు పొరలుగా పోసి తరాల తరబడి నేలనే తయారుచేశారు. రాబర్ట్ ఫ్లాహర్టీ 1934లో తీసిన సినిమాలో ఆ పని చూపించాడు. దొరికితే చూడు, ఫోనులో కాదు, పెద్ద తెర మీద.

ఇంత ముఖ్యమైన వస్తువు కాబట్టి సముద్రాన్ని అడిగి మరీ తెచ్చుకునేవాళ్ళు. స్కై దీవిలో పుట్టిన మార్టిన్ మార్టిన్ 1703లో అచ్చు వేయించిన పుస్తకంలో ఈ ముచ్చట రాశాడు. లూయిస్ దీవి ఉత్తరపు కొనన, చలికాలం మొదట్లో సకల పునీతుల పండుగ వేళ, ఇంటికింత చొప్పున మాల్ట్ పోగుచేసి బీరు కాచేవాళ్ళు. రాత్రి ఒకడు ఆ బీరు గిన్నెతో సముద్రంలోకి నడుము లోతు దాకా దిగి, షోనీ అనే సముద్ర దేవుణ్ణి పిలిచి, రాబోయే ఏడాది మా నేలకు నాచు బాగా పంపించవయ్యా అని మొక్కి, గిన్నెడూ నీళ్ళలో పోసేవాడు. తర్వాత అందరూ చర్చికి పోయి, బలిపీఠం మీద వెలిగే కొవ్వొత్తి ఆర్పి, పొలాల్లోకి పోయి తెల్లవార్లూ తాగి ఆడి పాడేవాళ్ళు. మతగురువులు ఏళ్ళ తరబడి తిట్టి తిట్టి మాన్పించారట. ఇంకో ఆచారం అలెగ్జాండర్ కార్మైకేల్ అనే జానపద సేకర్త రాసిపెట్టాడు: చలికాలంలో నాచు సరిగా కొట్టుకు రాకపోతే, ఈస్టర్‌కు ముందు గురువారం నాడు ఒడ్డున పొడుచుకొచ్చిన రాళ్ళ మీదికెక్కి సముద్రంలో గంజి పోసేవాళ్ళు. మన వైపు గంగమ్మకు పసుపు కుంకుమలు ఇస్తారు, వాళ్ళు గంజి పోశారు. ఇచ్చి పుచ్చుకోవడం అన్నమాట. ఇప్పుడు పుచ్చుకోవడమే మిగిలింది.

ఇదంతా చెబితే మా మనవడు, లండన్‌లో ఉంటాడు, పుస్తకాలు బాగా చదువుతాడు, వెంటనే అడ్డం తిరిగాడు. తాతయ్యా, నాచు కాల్చి బూడిద చేయించిన కాలం సంగతేమిటి, అది బంగారు కాలమా అన్నాడు. వాడి ప్రశ్న న్యాయమైనదే, జవాబు చెప్పాలి.

పద్దెనిమిదో శతాబ్దం చివర గాజుకూ సబ్బుకూ సోడా కావాలి. అది స్పెయిన్ నుంచి వచ్చేది. నెపోలియన్ యుద్ధాలతో ఆ దారి మూసుకుపోయింది. దాంతో దీవుల భూస్వాముల కన్ను నాచు మీద మరింత గట్టిగా పడింది. ఒడ్డున రాళ్ళు పేర్చిన గుంటల్లో ఎండిన నాచు కాలిస్తే కరిగి, చల్లారాక నీలిబూడిద రంగు గడ్డ కడుతుంది. దాన్ని కెల్ప్ అన్నారు. ఇరవై టన్నుల పచ్చినాచు కాలిస్తే ఒక్క టన్ను గడ్డ. ధర బాగా పలికిన రోజుల్లో టన్ను ఇరవై పౌన్లు, అందులో కూలివాడి చేతికొచ్చేది చాలా తక్కువ. ఎముకలు కొరికే నీళ్ళలో నిలబడి కోయాలి, పొగలో నిలబడి ఇనుప కడ్డీలతో కలియబెట్టాలి. పని చేసేవాళ్ళు దేశం విడిచి పోకుండా 1803లో ఓడ ప్రయాణాల చట్టం వచ్చింది. ప్రయాణికుల క్షేమం కోసమని పైకి చెప్పినా, టిక్కెట్టు ధర పెరిగి పేదవాడు కదల్లేకుండా పోయాడు, భూస్వాములకు కావలసిందీ అదే. కమతాలను చిన్న చిన్న ముక్కలు చేశారు, పొలం మీద బతకలేక కెల్ప్ పనికి రావాలని. ఒడ్డు నాచు కాల్చడానికి పోయింది, పొలానికి ఎరువు కరువైంది. యుద్ధం ముగిసింది, స్పెయిన్ సరుకు మళ్ళీ వచ్చింది, పన్నులు తగ్గాయి, ధర కుప్పకూలింది. అప్పుడు ఈ మనుషులే భారమయ్యారు. 1851లో గోర్డన్ ఆఫ్ క్లూనీ అనే భూస్వామి సౌత్ యూయిస్ట్ నుంచీ బారా నుంచీ జనాన్ని ఓడలెక్కించి కెనడాకు తోలేశాడు.

కాబట్టి ఆ రోజులు మంచివని నేను అనను. అవి మా రోజులూ కావు. కానీ ఒకటి గమనించు. నాచు ఆ ఊరి పొలానికి పోయినన్నాళ్ళూ కష్టంతో పాటు కూడు కూడా పెట్టింది. దూరాన ఉన్న గాజు ఫ్యాక్టరీకి పోవడం మొదలెట్టాక దాని మీద హక్కు ఒకడిదీ, నడుము విరగడం ఇంకొకడిదీ అయింది. నా సణుగుడుకు మూలం అది. కొత్తవన్నీ చెడ్డవని నేను ఊరికే అనడం లేదు. సరే, ఎక్కువసార్లు అంటాననుకో.

మా కాలానికి మధ్యస్తంగా ఒక పని ఉండేది. చలికాలపు తుఫానులకు లావుపాటి నాచు కాడలు కూడా ఒడ్డుకొస్తాయి, మన చేతికర్రంత ఉంటాయి. స్టావ్ అంటారు. వాటిని రాతిగోడల మీద ఆరబెట్టి, ఎండాక కట్టలు కట్టి ఆల్జినేట్ ఫ్యాక్టరీకి తూకం మీద అమ్మేవాళ్ళు. సౌత్ యూయిస్ట్‌లో బోయిస్‌డేల్ దగ్గర ఒకటి, నార్త్ యూయిస్ట్‌లో లాక్‌మాడీ దగ్గర ఒకటి, లూయిస్‌లో కియోస్ దగ్గర ఒకటి ఉండేవి. ఆల్జినేట్ అంటే నాచులోని జిగురు పదార్థం, 1880ల్లో స్టాన్‌ఫర్డ్ అనే రసాయన శాస్త్రవేత్త వేరుచేశాడు. ఆకులు పొలానికి, కాడలు ఫ్యాక్టరీకి. పిల్లల చలికోట్లు ఆ డబ్బుతోనే వచ్చేవి. ఎవరి తీరిక వాళ్ళది, ఎవరి గోడ వాళ్ళది, పైన మేస్త్రీ లేడు. ఆ ఫ్యాక్టరీలు ఒక్కొక్కటే మూతపడ్డాయి.

ఎనభైల్లో ఓ ముసలావిడ కాలికి మానని పుండు. కట్టు మార్చడానికి నర్సుతో పాటు నేనూ వెళ్ళేవాణ్ణి. అప్పుడే కొత్తగా ఆల్జినేట్ కట్లు వచ్చాయి, దూదిలా తెల్లగా మెత్తగా ఉంటాయి. పుండులోని తడి తగలగానే అందులోని కాల్షియం పోయి సోడియం చేరి జిగురుగా మారుతుంది, తీసేటప్పుడు కొత్త చర్మం ఊడిరాదు. ఇది నాచుతో చేసిందమ్మా అని చెప్పాను. ఆవిడ ఆ పోగును వేళ్ళ మధ్య నలిపి, వాసన చూసి, దీంట్లో వాసన లేదే అంది. కిటికీలోంచి చూస్తే ఆవిడ భర్త ఆరబెట్టిన కాడలు గోడ మీదే ఉన్నాయి. పుండు మానింది. మంచి కట్టు, ఇవాళ్టికీ వాడతారు. ఆధునికంగా వచ్చినవాటిలో నేను చేతులెత్తి దణ్ణం పెట్టేవి కొన్ని ఉన్నాయి, ఇది ఒకటి. అన్నట్టు, నేను చదువుకునే రోజుల్లో గాయానికి పూసిన అయోడిన్ కూడా ఈ నాచు బిడ్డే. 1811లో ఫ్రాన్సులో కూర్త్వా అనే ఆయన నాచు బూడిదతో తుపాకిమందుకు కావలసిన సురేకారం చేయబోతుంటే ఊదారంగు ఆవిరి లేచింది. అలా దొరికింది.

ఆ ముసలావిడ నాకు క్యారగీన్ పెట్టేది. చిన్న చిన్న కొమ్మల్లా ఉండే ఎర్రనాచు. ఏరి తెచ్చి గడ్డి మీద పరిచి, ఎండలో వానలో రోజుల తరబడి వదిలేస్తే ఎరుపు వదిలి మీగడ రంగుకు తిరుగుతుంది. గుప్పెడు తీసి మంచినీళ్ళలో కడిగి, పాలలో వేసి చిన్న మంట మీద అరగంట మరిగించి, వడకట్టి, పంచదార కలిపి గిన్నెలో పోస్తే చల్లారేసరికి గడ్డకడుతుంది. దగ్గుకీ రొమ్ము పడిశానికీ అది మందు. నేను రాసిచ్చిన దగ్గు మందు సీసా మూత తీయకుండా అల్మారాలో ఉండేది. మన ఇళ్ళల్లో చైనాగ్రాస్ అని కొని తెచ్చి పాలలో కాస్తాం కదా, అదీ సముద్రపు నాచే, సంగతి తెలిసిన వాళ్ళు తక్కువ. డల్స్ అనే ఇంకో ఎర్రనాచును పచ్చిదే నమిలేవాళ్ళు, లేదా ఉడికించి వెన్న వేసుకుని తినేవాళ్ళు. మార్టిన్ పుస్తకంలోనూ ఉంది ఆ సంగతి. ఆవులైతే మనుషులకన్నా తెలివైనవి, ఆటు తగిలే వేళకు వాటంతట అవే ఒడ్డుకు దిగి నాచు మేసేవి. ఐర్లండ్‌లో 1845 తర్వాత దుంపలు కుళ్ళిపోయిన కరువులో తీరంలోని జనం ఇదే నాచు తిని ప్రాణాలు నిలబెట్టుకోవాలని చూశారు. ఇప్పుడు అదే డల్స్ గుప్పెడు, ఖరీదైన హోటల్లో నల్లటి ప్లేటులో, పైన ఒక ఆకుతో. తినండి, కాదనను. కానీ తినేముందు ఆ ఒడ్డు పేరు తెలుసుకోండి.

ఐర్లండ్ పడమట కొనమారా వాళ్ళ పనితనం చెప్పకపోతే నాకు నిద్రపట్టదు. అక్కడి రాళ్ళ మీద పసుపు గోధుమరంగు నాచు పెరుగుతుంది, అస్కోఫిల్లమ్ నోడోసమ్ దాని శాస్త్రీయ నామం. ఆటు సమయంలో కొడవలితో కోసి, అడుగున మొదలు వదిలేస్తారు మళ్ళీ చిగిర్చేలా. కోసినదాన్ని తాడు చుట్టూ పరిచి కుప్పపోసి బిగిస్తే, పోటు రాగానే ఆ కుప్ప తెప్పలా తేలుతుంది. దాన్ని క్లిమీన్ అంటారు. పడవకు కట్టి ఒడ్డుకు లాక్కొస్తారు. సముద్రమే మోస్తుంది, మనిషి దారి చూపిస్తాడంతే. అదే రాయి దగ్గరికి మళ్ళీ మూడు నాలుగేళ్ళ దాకా పోరు. ఏ రాయి ఎవరి ఇంటిదో తాతల నాటి నుంచీ తెలుసు. కిల్కీరన్‌లో 1947 నుంచి అరామారా అనే కంపెనీ ఈ నాచు కొంటూ వచ్చింది. 2014లో, అప్పటికి ప్రభుత్వ సొత్తుగా ఉన్న ఆ కంపెనీని కెనడా కంపెనీకి అమ్మేశారు. అప్పుడు కోతవాళ్ళకు దడ పుట్టింది, మా తాత కోసిన రాయి మీద రేపు నేను కోయొచ్చా, దానికి కాగితం ఉందా అని. కాగితం లేకుండా రెండు వందల ఏళ్ళు గడిచిన చోట కాగితం అడిగితే మనిషికి ఎలా ఉంటుంది? మన ఊళ్ళో పోరంబోకు చెరువు గట్టు మీద ఈ గొడవ నేను చూశాను, నువ్వు చూడలేదు.

ఒక మంచి మాట కూడా చెప్పి తీరాలి, లేకపోతే పాపం. స్కాట్లాండ్ తీరంలో యంత్రాలు దింపి సముద్రం అడుగున కెల్ప్‌ను మొదలంటా పీకి పట్టుకుపోతామని ఒక ప్రతిపాదన వచ్చింది. ఆ కెల్ప్ అడవిలో చేపపిల్లలు దాక్కుంటాయి, అది అలల జోరు తగ్గించి ఒడ్డును కాస్తుంది. తీరంలో జనం లేచారు, ముఖ్యంగా కుర్రవాళ్ళు. 2018 నవంబరులో స్కాట్లాండ్ పార్లమెంటు ఓటు వేసింది, మరుసటి ఏడాది చట్టంలోకి ఎక్కింది, మళ్ళీ మొలవకుండా పీకడం కుదరదని. ఇంకా ఒకటి, గోర్డన్ జనాన్ని తరిమిన ఆ సౌత్ యూయిస్ట్ ఎస్టేటును 2006లో అక్కడి జనమే కలిసి కొనుక్కున్నారు. మా రోజుల్లో ఇది జరగలేదు, మీ రోజుల్లో జరిగింది. రాసుకో, నేను ఒప్పుకున్నానని.

కానీ దీనికేమంటావు? పోయినసారి కోనసీమ వెళితే మా తమ్ముడి కొడుకు పొలానికి కొట్టే మందు చూపించాడు. చిక్కటి నల్లటి ద్రవం, లీటరు సీసా. ఎరువుల కొట్టువాడు సీవీడ్ అని ఇచ్చాడట, వేళ్ళు బాగా సాగుతాయని. కళ్ళజోడు పెట్టుకుని చూస్తే వెనక అస్కోఫిల్లమ్ నోడోసమ్ అని ఉంది. మా గోదావరి గట్టు మీద ఆ ఉత్తర అట్లాంటిక్ నాచు! వాడిని పిలిచి అరగంట సేపు కొడవలీ, తాడూ, పోటూ అన్నీ చెప్పాను. ఓపిగ్గా విని, అయితే లీటరు నీళ్ళకు ఎన్ని మిల్లీలీటర్లు కలపాలి పెదనాన్నా అన్నాడు. సీసా మీద ఉన్నంత కలుపు, అంతకంటే ఎక్కువ కలిపితే దిగుబడి పెరగదు, డబ్బు పోతుంది అన్నాను. దానితో పాటు జీలుగ కూడా వెయ్యమని చెప్పాను. వేస్తానన్నాడు, వేశాడో లేదో.

యూయిస్ట్‌లో ఇంకా కొందరు మఖర్ మీద నాచు పరుస్తూనే ఉన్నారు. కార్న్‌క్రేక్ అక్కడక్కడా మిగిలి ఉందంటే అలాంటి సేద్యం మిగిలి ఉండబట్టే. చూడాలంటే ఫిబ్రవరిలో రా. ఆగస్టులో వచ్చి ఎండలో ఫొటో దిగి వెళ్ళిపోతే నీకేం తెలుస్తుంది? ఫిబ్రవరిలో గాలికి ఫెర్రీ రద్దవుతుందంటావు. అవుతుంది. మా రోజుల్లోనూ అయ్యేది, రేవు పక్కన సత్రంలో టీ తాగుతూ మర్నాటి దాకా ఆగేవాళ్ళం. నువ్వూ ఆగు. మోకాళ్ళ దాకా వచ్చే రబ్బరు బూట్లు తెచ్చుకో, పార నా దగ్గరుంది.